యాప్ తీసేసినా దుడ్లు పోతానే ఉండాయా?



గూళ్లు అమ్మిన డబ్బు ఇప్పుడు చాలామందికి నేరుగా బ్యాంకు ఖాతాకే వస్తోంది. పాస్‌బుక్ ఎంట్రీ వేయించి చూస్తే వచ్చిన మొత్తం ఒక లైనులో ఉంటుంది. దాని కింద 199, 299, 499 అని చిన్న చిన్న కోతలు కనబడతాయి. పక్కన ఇంగ్లీషులో ఏదో పేరు ఉంటుంది, అది మనం ఎప్పుడూ విన్నది కాదు. బ్యాంకులో అడిగితే "మీరే ఒప్పుకున్నారు, మీ ఫోన్‌లోంచే పోయింది" అంటారు. ఇంటికొచ్చి ఆ యాప్ తీసేస్తాం. వచ్చే నెల మళ్లీ అదే తేదీకి అదే కోత!

ఇలాంటి కోతలు ఎక్కువగా ఫోన్ యాప్‌లకు, కంప్యూటర్ సాఫ్ట్‌వేర్‌కు కట్టే చందాలు. ఫోటోలు బాగుచేసే యాప్, వీడియో సీరియళ్ల యాప్, జాతకం యాప్, ఫోన్‌లో ఫోటోలు దాచుకునే జాగా, పిల్లల చదువు కోసం కొన్న ల్యాప్‌టాప్‌లోని యాంటీవైరస్, ఇలా దేనికైనా చందా ఉండొచ్చు. ఒక్కో కోత చిన్నదే. నెలకు 299 అంటే ఏడాదికి 3,588 రూపాయలు. ఆ లెక్కను మీ ఊళ్లో చాకీ పురుగుల ధర పక్కన పెట్టి చూడండి.

ఈ డబ్బు ఎలా పోతుంది, ఎలా ఆపాలి, పోయింది ఎలా అడగాలి అన్నది ఈ వారం వరుసగా చూద్దాం.

*పిన్ కొట్టకుండా డబ్బు ఎలా పోతుంది?*

మనలో చాలామందికి ఒక నమ్మకం ఉంది: "నేను పిన్ కొడితేనే డబ్బు పోతుంది" అని. మామూలు చెల్లింపుకు అది చాలావరకు నిజమే. చందాకు అలా కాదు. చందాలో పిన్ ఒక్కసారే కొడతాం, మొదటి రోజు. ఆ పిన్‌తో మనం ఇచ్చేది ఆ రోజు డబ్బు ఒక్కటే కాదు, "ఇక మీదట ఇన్ని రోజులకొకసారి, ఇంత మొత్తం దాకా మీరే తీసుకోండి" అనే అనుమతి. దీన్నే మాండేట్ అంటారు. యూపీఐలో దీని పేరు ఆటోపే. 2020 జూలైలో ఎన్‌పీసీఐ దీన్ని మొదలుపెట్టింది. డెబిట్, క్రెడిట్ కార్డుల మీద ఇచ్చేదాన్ని ఈ-మాండేట్ అంటారు.

రిజర్వ్ బ్యాంకు 2022 జూన్‌లో పెట్టిన హద్దు ప్రకారం, మాండేట్ ఇచ్చిన తర్వాత ఒక్కో కోత 15,000 రూపాయల లోపు ఉంటే మళ్లీ పిన్ గానీ ఓటీపీ గానీ అక్కరలేదు. యాప్‌ల చందాలు ఎక్కువగా ఈ హద్దు లోపలే ఉంటాయి. అందుకే మనం నిద్రపోతున్నా, షెడ్డులో మేత వేస్తున్నా డబ్బు పోతుంది.

అదే రిజర్వ్ బ్యాంకు నియమాల్లో మనకు రక్షణ కూడా ఉంది. కోతకు కనీసం 24 గంటల ముందు మనకు సమాచారం రావాలి. ఎవరు తీసుకుంటున్నారు, ఎంత, ఎప్పుడు, ఎందుకు అన్నవి అందులో ఉండాలి. ఆ కోత వద్దని చెప్పే దారి, మొత్తం మాండేట్‌నే రద్దు చేసే దారి మనకు ఇవ్వాలి. డబ్బు పోయాక మళ్లీ ఒక సమాచారం రావాలి. మాండేట్ పెట్టినందుకని మన దగ్గర రుసుము వసూలు చేయకూడదు.

ఆ ముందస్తు సమాచారం ఇంగ్లీషు ఎస్‌ఎంఎస్‌గానో, యాప్‌లో ఒక నోటిఫికేషన్‌గానో వస్తుంది. లోన్ ఆఫర్ల మెసేజ్‌ల మధ్య అది కలిసిపోతుంది. ఇకనుంచి మెసేజ్‌లో 'మాండేట్', 'ఆటోపే', 'డెబిట్ కాబోతోంది' అనే అర్థం వచ్చే ఇంగ్లీషు మాటలు కనబడితే ఆగి చదవండి, లేదా పిల్లల చేత చదివించుకోండి.

*ఒక్క రూపాయి ట్రయల్ సంగతి*

"మూడు రోజులు ఉచితం", "ఒక్క రూపాయికే వారం రోజులు" అని యాప్ అడుగుతుంది. ఒక్క రూపాయే కదా అని పిన్ కొడతాం. ఆ రూపాయి యాప్‌కు అసలు లెక్క కాదు, దానికి కావలసింది మాండేట్. పిన్ కొట్టే ముందు వచ్చే స్క్రీన్‌లో నాలుగు సంగతులు ఉంటాయి: ఈ రోజు పోయే మొత్తం, ఆ తర్వాత గరిష్ఠంగా తీసుకోగల మొత్తం, ఎన్ని రోజులకొకసారి, ఏ తేదీ దాకా. మన కన్ను మొదటిదాని మీదే పడుతుంది. మిగిలిన మూడూ చిన్న అక్షరాల్లో ఉంటాయి.

ఊజీ ఈగ పురుగు మీద గుడ్డు పెట్టిన రోజు ఏమీ తెలియదు. చూసేవాడికి తెల్లటి చుక్కంతే. తర్వాత నల్ల మచ్చ కనబడే సరికి లోపల పని జరిగిపోయి ఉంటుంది. ఒక్క రూపాయి మాండేట్ కూడా అలాంటిదే. కనుక చూడాల్సింది పిన్ కొట్టే ముందే. 'గరిష్ఠ మొత్తం' దగ్గర 1 కాకుండా 499 అనో 999 అనో ఉంటే, మీరు ఒప్పుకుంటున్నది ఆ పెద్ద అంకెకే.

*యాప్ తీసేస్తే చందా ఎందుకు ఆగదు?*

యాప్ ఉండేది మన ఫోన్‌లో. మాండేట్ ఉండేది బ్యాంకులో, యూపీఐ వ్యవస్థలో. ఫోన్‌లోంచి యాప్ తీసేస్తే బొమ్మ పోతుంది, అనుమతి పోదు. కొత్త ఫోన్ కొన్నా అంతే. కేబుల్ డబ్బులు నెలనెలా బ్యాంకులోంచి పోయేలా రాసిచ్చి, ఇంట్లో టీవీ అమ్మేసినట్టు. టీవీ లేదన్న సంగతి బ్యాంకుకు తెలియదు.

ఇంకో సంగతి కూడా గమనించండి. ఖాతాలో డబ్బు లేకపోతే కోత పడదు. అప్పుడు చందా ఆగిపోయిందని అనుకుంటాం. అది ఆగలేదు, మాండేట్ అలాగే ఉంది. గూళ్ల డబ్బు పడిన తర్వాత వచ్చే తేదీకి మళ్లీ తీసుకుంటుంది. పంటకూ పంటకూ మధ్య ఖాతా ఖాళీగా ఉండే మన లాంటి వాళ్లకు ఇది బాగా అనుభవమయ్యే సంగతి.

*స్టేట్‌మెంట్‌లో ఏ లైను ఏమిటి?*

ప్రతి తెలియని కోతా మోసం కాదు, ప్రతిదీ యాప్ చందా కూడా కాదు. ముందు కనీసం మూడు నెలల స్టేట్‌మెంట్ తీసుకోండి. పెన్సిల్ పట్టుకుని ఇలా విడదీయండి:

▪️ *యూపీఐ అని మొదలై, మాండేట్ లేదా ఆటోపే అని ఉంటే:* అది యూపీఐ చందా. పక్కన 12 అంకెల రిఫరెన్స్ నంబరు ఉంటుంది. దాన్ని రాసుకోండి.

▪️ *గూగుల్ ప్లే లేదా యాపిల్ పేరు ఉంటే:* చందా ఆ స్టోర్ ద్వారా పోతోంది. అసలు యాప్ పేరు స్టేట్‌మెంట్‌లో ఉండకపోవచ్చు. మీ ప్లే స్టోర్ ఖాతాలోని కొనుగోళ్ల చరిత్రలో దొరుకుతుంది. ఇంట్లో రెండు మూడు ఫోన్లకు ఒకే జీమెయిల్ వాడుతుంటే, కొన్నది ఇంకొకరి ఫోన్‌లోంచి కావచ్చు. పిల్లల గేములు ఇక్కడే దొరుకుతాయి.

▪️ *పీఓఎస్, ఈకామ్, లేదా ఎస్‌ఐ అని ఉంటే:* కార్డు మీద పోయింది. విదేశీ కంపెనీ డాలర్లలో తీసుకుంటే మొత్తం నెలనెలా కొంచెం మారుతుంది, బ్యాంకు మార్పిడి రుసుము కూడా కలుస్తుంది. అంకె మారిందని అది వేరే కంపెనీ అనుకోవద్దు.

▪️ *ఏసీహెచ్ లేదా నాచ్ అని ఉంటే:* ఎక్కువగా లోను కంతు, ఇన్సూరెన్స్, చిట్టీ లాంటివి. వీటిని తొందరపడి ఆపవద్దు. కంతు తిరిగి వెళ్తే బ్యాంకు రుసుము పడుతుంది, రేపు షెడ్డు లోనుకు వెళ్లినప్పుడు అదే అడ్డొస్తుంది.

▪️ *436 లేదా 20 రూపాయలు ఏడాదికొకసారి, మే నెలాఖరు ప్రాంతంలో:* ప్రధానమంత్రి జీవన్ జ్యోతి బీమా 436, సురక్షా బీమా 20. ఇవి బీమా. తెలియక ఆపేస్తే ఇంటివాళ్లకు రావాల్సిన రక్షణ పోతుంది.

▪️ *17.70 లాంటి అంకె:* 15 రూపాయలకు 18 శాతం జీఎస్‌టీ కలిపితే 17.70. చాలా బ్యాంకులు ఎస్‌ఎంఎస్ రుసుము ఇలా తీసుకుంటాయి. పైసలతో వచ్చే అంకెలకు ఈ లెక్క ఒకసారి వేసి చూడండి. 99కి జీఎస్‌టీ కలిపితే 116.82, 199కి కలిపితే 234.82. ప్రకటనలో 199 అని చూసినది స్టేట్‌మెంట్‌లో 234.82 అయ్యే దారి ఇదే.

డబ్బు బ్యాంకులోంచి కాకుండా ఫోన్ రీచార్జ్ బ్యాలెన్స్‌లోంచి పోతుంటే అది కాలర్ ట్యూన్ లాంటి సర్వీసు. దానికి 155223కు ఫోన్ చేసి ఆపించుకోవచ్చు.

*ముందు ఆపండి, తర్వాత అడగండి*

పోయింది రాబట్టే పని తర్వాత. ముందు ఇంకో కోత పడకుండా ఆపాలి.

1. *యూపీఐ ఆటోపే అయితే:* మీరు వాడే యూపీఐ యాప్ తెరిచి, పైన మీ ఫోటో లేదా పేరు మీద నొక్కండి. అక్కడ 'ఆటోపే' లేదా 'మాండేట్' అని ఉంటుంది. నడుస్తున్నవన్నీ వరుసగా కనబడతాయి. వద్దనుకున్నది తెరిచి రద్దు చేయండి. రెండు మూడు యూపీఐ యాప్‌లు ఉంటే అన్నింట్లోనూ చూడండి. మీ సొంత యాప్‌లో రద్దు చేసేటప్పుడు పిన్ అడిగితే కొట్టవచ్చు. ఎవరో పంపిన లింకులో మాత్రం పిన్ కొట్టవద్దు.

2. *గూగుల్ ప్లే అయితే:* ప్లే స్టోర్‌లో మీ ఫోటో మీద నొక్కి, 'పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్' లోకి, అక్కణ్ణుంచి 'సబ్‌స్క్రిప్షన్స్' లోకి వెళ్లండి. చందా తెరిచి క్యాన్సిల్ చేయండి. ఆ తర్వాత యూపీఐ యాప్‌లో కూడా దాని మాండేట్ మిగిలి ఉందేమో చూడండి.

3. *యాపిల్ ఫోన్ అయితే:* సెట్టింగ్స్‌లో మీ పేరు మీద నొక్కితే 'సబ్‌స్క్రిప్షన్స్' ఉంటుంది.

4. *కార్డు అయితే:* ముందు ఆ కంపెనీ వెబ్‌సైట్‌లో మీ ఖాతాలోకి వెళ్లి ఆటో రెన్యువల్ ఆపండి. తర్వాత నెట్ బ్యాంకింగ్‌లో గానీ బ్రాంచిలో గానీ ఈ-మాండేట్ రద్దు చేయమనండి. ల్యాప్‌టాప్ యాంటీవైరస్‌లు ఏడాదికొకసారి తీసుకుంటాయి కాబట్టి, ఈ నెల కనబడలేదని మర్చిపోవద్దు.

5. *స్క్రీన్‌షాట్ తీయండి.* రద్దు అయినట్టు చూపించే స్క్రీన్, తేదీతో సహా. రేపు రద్దు చేసిన తర్వాత కూడా కోత పడితే ఈ ఒక్క కాగితమే మీ వాదనంతా నిలబెడుతుంది.

*మీరు ఇచ్చిన అనుమతా, ఇవ్వనిదా?*

ఇక్కడ కొంచెం నిదానంగా చదవండి. డబ్బు తిరిగి వచ్చేదీ రానిదీ ఈ ప్రశ్న మీదే ఆధారపడి ఉంది.

*మొదటి రకం:* మీరో, ఇంట్లో పిల్లలో పిన్ కొట్టి మాండేట్ ఇచ్చారు, దాని సంగతి పూర్తిగా తెలియలేదు. బ్యాంకు దృష్టిలో ఇది మీరు ఒప్పుకున్న చెల్లింపే. ఇక్కడ డబ్బు తిరిగి అడగాల్సింది కంపెనీని. బ్యాంకు ముందు "నాకేమీ తెలియదు" అని చెప్పి, తర్వాత వాళ్లు పిన్ కొట్టిన రికార్డు తీస్తే మన మాట తేలిపోతుంది. ఉన్నది ఉన్నట్టు చెప్పడమే మేలు: "ట్రయల్ అని ఒప్పుకున్నాను, నెలకు 499 అని స్పష్టంగా చెప్పలేదు" అనండి.

*రెండో రకం:* మీరు గానీ ఇంట్లో వాళ్లు గానీ ఎప్పుడూ మాండేట్ ఇవ్వలేదు. లేదా ఇచ్చి రద్దు చేసిన తర్వాత కూడా పోయింది. లేదా ఒప్పుకున్న గరిష్ఠ మొత్తం కంటే ఎక్కువ పోయింది. ఇది అనుమతి లేని కోత. దీనికి బ్యాంకు జవాబు చెప్పాలి.

ఈ రెండో రకానికి రిజర్వ్ బ్యాంకు 2017 జూలై 6న ఇచ్చిన నియమాలు ఉన్నాయి. తప్పు బ్యాంకుదైతే నష్టం మనకు సున్నా. తప్పు బ్యాంకుదీ కాదు, మనదీ కాదు, మధ్యలో ఇంకెక్కడో జరిగితే, అప్పుడు రోజుల లెక్క వస్తుంది. బ్యాంకు నుంచి సమాచారం అందాక 3 పనిదినాల లోపు మనం చెబితే నష్టం సున్నా. 4 నుంచి 7 పనిదినాల లోపు చెబితే మామూలు పొదుపు ఖాతాకు గరిష్ఠంగా 10,000 రూపాయల దాకా, జీరో బ్యాలెన్స్ ప్రాథమిక ఖాతాకు 5,000 దాకా నష్టం మన మీద పడవచ్చు. పోయిన మొత్తం అంతకంటే తక్కువైతే ఆ తక్కువే లెక్క. 7 దాటితే ఆ బ్యాంకు పెట్టుకున్న పాలసీ ప్రకారం. మనమే పిన్, ఓటీపీ ఎవరికైనా చెప్పి ఉంటే, బ్యాంకుకు తెలియజేసే దాకా పోయినది మన నష్టమే. తెలియజేసిన తర్వాత పోయేది బ్యాంకుది.

యాప్ చందాలు 199, 299, 499. ఇంత చిన్న మొత్తానికి 10,000 హద్దు ఏ రక్షణా ఇవ్వదు. 4వ రోజు చెబితే మొత్తం 299 మన మీదే పడవచ్చు. కనుక మనకు లెక్కలోకి వచ్చేది ఆ మొదటి 3 పనిదినాలే.

మన పనిలో ఆ 3 రోజులు ఎలా జారిపోతాయో చూడండి. నాలుగో జ్వరం లేచిన దగ్గర నుంచి ఏడెనిమిది రోజులు పెద్ద మేత. మొత్తం పంటలో పురుగు తినే ఆకులో ఎనభై శాతానికి పైగా ఈ దశలోనే. తర్వాత మాగిన పురుగుల్ని ఏరి చంద్రికలకు ఎక్కించడం, గూడు గట్టిపడే దాకా కాపు, విప్పడం, మార్కెట్టుకు ప్రయాణం. రెండు వారాలు ఫోన్‌లో మెసేజ్ చదివే తీరిక ఉండదు. కోత మెసేజ్ ఆ రోజుల్లో వస్తే, మనం చూసే సరికి 3 దాటి 7 కూడా దాటిపోతాయి. అందుకే పెద్ద మేత రోజుల్లో ఇంట్లో ఒకరికి, చదువుకునే పిల్లకో పిల్లవాడికో, రోజూ రాత్రి బ్యాంకు మెసేజ్‌లు చూసే పని అప్పజెప్పండి. రెండు నిమిషాల పని.

బ్యాంకులో ఇచ్చిన మొబైల్ నంబరు ఇప్పుడు వాడేదేనా అన్నది కూడా చూసుకోండి. పాత సిమ్ నంబరు ఉంటే మెసేజ్ రాదు, వచ్చినా ఇంకెవరికో పోతుంది.

*కంపెనీని ఎలా అడగాలి?*

మొదటి రకానికి ఇదే దారి. రెండో రకానికి కూడా బ్యాంకుతో పాటు ఇది చేయవచ్చు.

గూగుల్ ప్లేలో కొన్నదైతే 48 గంటల లోపు గూగుల్‌నే రీఫండ్ అడగవచ్చు. ఆ తర్వాత యాప్ తయారుచేసిన కంపెనీని అడగమంటారు. కంపెనీ ఈమెయిల్ ప్లే స్టోర్‌లో ఆ యాప్ పేజీ కిందే ఉంటుంది. తెలియని మనిషి మీ ఖాతా నుంచి కొన్నట్టయితే 120 రోజుల లోపు గూగుల్‌కు తెలియజేయవచ్చు. యాపిల్‌కు కూడా 'రిపోర్ట్ ఎ ప్రాబ్లమ్' అనే పేజీ ఉంది.

రాసేటప్పుడు కోపం పక్కన పెట్టి నాలుగు ముక్కలు చాలు: ఏ తేదీన ఎంత పోయింది, రిఫరెన్స్ నంబరు, యాప్ ఎప్పటినుంచి వాడలేదు, ఏం కావాలి. "చందా రద్దు చేసి, చివరి కోత తిరిగి ఇవ్వండి" అని స్పష్టంగా అడగండి. కొన్ని కంపెనీలు చివరి ఒక్క నెల తిరిగి ఇస్తాయి, వెనకటి నెలలకు ఒప్పుకోవు. ఎంత త్వరగా అడిగితే అంత మంచిది అనడానికి ఇదో కారణం.

కంపెనీ రద్దు బటన్‌ను దాచిపెట్టినా, రద్దు చేయడానికి తిప్పలు పెట్టినా, ఉచితం అని చెప్పి బలవంతంగా చెల్లింపు వివరాలు తీసుకున్నా, దాన్ని చట్టం 'సబ్‌స్క్రిప్షన్ ట్రాప్' అంటుంది. 2023 నవంబరు 30న కేంద్ర వినియోగదారుల రక్షణ సంస్థ 13 రకాల మోసపు పోకడలను గుర్తించి నిషేధించింది, అందులో ఇది ఒకటి. కంపెనీ వినకపోతే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేయండి. తెలుగులో మాట్లాడవచ్చు.

*బ్యాంకును ఎలా అడగాలి?*

రెండో రకం అయితే ఆలస్యం చేయకుండా బ్యాంకు కస్టమర్ కేర్‌కు ఫోన్ చేసి ఫిర్యాదు నంబరు తీసుకోండి. నంబరు మీ కార్డు వెనక, పాస్‌బుక్ మీద ఉంటుంది. యూపీఐ కోత అయితే ఆ యాప్‌లోనే లావాదేవీ తెరిచి 'రైజ్ డిస్ప్యూట్' లేదా సహాయం అనే చోట కూడా ఫిర్యాదు పెట్టండి. కార్డు కోత అయితే 'ఛార్జ్‌బ్యాక్' కావాలని అడగండి.

నోటి మాటతో వదిలేయవద్దు. బ్రాంచిలో రాతపూర్వకంగా ఇచ్చి, రెండో కాపీ మీద తేదీతో స్టాంపు వేయించుకోండి. మాలూరు, హోసూరు, శిడ్లఘట్ట బ్రాంచిల్లో తెలుగు మాట్లాడేవాళ్లు ఉంటారు గానీ, కాగితం మాత్రం కన్నడంలో, తమిళంలో, లేదా ఇంగ్లీషులో ఇస్తే పని త్వరగా సాగుతుంది. పిల్లల చేత ఈ నమూనాను ఆ భాషలోకి రాయించుకోండి:

"బ్రాంచి మేనేజరు గారికి. నా పొదుపు ఖాతా నుంచి ఫలానా తేదీన ఫలానా పేరుతో ఇన్ని రూపాయలు పోయాయి. రిఫరెన్స్ నంబరు ఇది. ఈ కోతకు నేను అనుమతి ఇవ్వలేదు (లేదా: ఫలానా తేదీన మాండేట్ రద్దు చేశాను, స్క్రీన్‌షాట్ జత చేశాను). కోతకు 24 గంటల ముందు రావాల్సిన సమాచారం నాకు అందలేదు. ఈ సంగతి నాకు ఫలానా తేదీన తెలిసింది. దయచేసి మాండేట్ రద్దు చేసి, డబ్బు నా ఖాతాలో తిరిగి జమ చేయండి. నేను అనుమతి ఇచ్చానని మీరు అంటే దాని రికార్డు చూపించండి."

ముందస్తు సమాచారం వచ్చి ఉంటే ఆ వాక్యం తీసేయండి. నిజం కానిది ఒక్కటి ఉన్నా మిగిలినవన్నీ అనుమానంలో పడతాయి.

చివరి వాక్యం మాత్రం వదలవద్దు. 2017 నియమాల ప్రకారం, తప్పు ఖాతాదారుడిదే అని నిరూపించాల్సిన బాధ్యత బ్యాంకుది. అనుమతి లేని కోత అని మనం తెలియజేసిన 10 పనిదినాల లోపు ఆ మొత్తాన్ని తాత్కాలికంగా ఖాతాలో జమ చేయాలి, 90 రోజుల లోపు ఫిర్యాదు తేల్చాలి. ఇది కౌంటర్ దగ్గర నెమ్మదిగా, మర్యాదగా గుర్తు చేయండి.

*30 రోజులు దాటినా జవాబు లేకపోతే*

బ్యాంకుకు ఫిర్యాదు ఇచ్చిన 30 రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చిన జవాబు నచ్చకపోయినా రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్ దగ్గరకు వెళ్లవచ్చు. 2021 నవంబరు 12 నుంచి దేశమంతటికీ ఒకే పథకం వచ్చింది కాబట్టి, మీరు ఏ రాష్ట్రంలో ఉన్నా, మీ బ్రాంచి ఎక్కడ ఉన్నా దారి ఒక్కటే. గ్రామీణ బ్యాంకులు కూడా ఇందులోకి వస్తాయి. ఫీజు లేదు, లాయరు అక్కరలేదు. వెబ్‌సైటు: సీఎంఎస్ డాట్ ఆర్‌బీఐ డాట్ ఓఆర్‌జీ డాట్ ఇన్. ఎలా పెట్టాలో తెలియకపోతే 14448కు ఫోన్ చేయండి, తెలుగులో చెబుతారు.

ముందు బ్యాంకుకు ఇవ్వకుండా నేరుగా ఇక్కడికి పంపితే తిరస్కరిస్తారు. అందుకే ఆ స్టాంపు వేసిన కాపీ అంత ముఖ్యం.

*దొంగ కస్టమర్ కేర్‌తో జాగ్రత్త*

299 పోయిందని వెతుకుతూ 29,000 పోగొట్టుకునే ప్రమాదం ఇక్కడే ఉంది. గూగుల్‌లో కంపెనీ పేరు కొట్టి వచ్చిన మొదటి నంబరుకు ఫోన్ చేయవద్దు. అక్కడ దొంగలు తమ నంబర్లు పెట్టి కూర్చుంటారు. "రీఫండ్ పంపుతాం, ఈ యాప్ వేసుకోండి" అని స్క్రీన్ కనబడే యాప్ వేయిస్తారు. "మీ యాంటీవైరస్ వేల రూపాయలకు రెన్యూ అయింది, వద్దంటే ఈ నంబరుకు ఫోన్ చేయండి" అని ఈమెయిల్ వస్తే, ముందు మీ ఖాతా చూసుకోండి. డబ్బు పోనేలేదు అంటే ఆ ఈమెయిలే వల.

డబ్బు తీసుకోవడానికి పిన్ ఎప్పుడూ అక్కరలేదు. రీఫండ్ ఇస్తామని పిన్ అడిగినవాడు దొంగ. ఇలా పోతే ఆ క్షణమే 1930కు ఫోన్ చేయండి, బ్యాంకుకూ చెప్పండి.

*చాకీ వచ్చే ముందు రోజు*

షెడ్డు కడిగి, మందు కొట్టి, చాకీ పురుగులు తెచ్చుకునే ముందు రోజు పది నిమిషాలు దీనికి పెట్టండి. ప్రతి పంటకూ ఒకసారి చాలు:

✅ యూపీఐ యాప్‌లో ఆటోపే జాబితా తెరిచి, తెలియనివి, వాడనివి రద్దు చేయండి.
✅ ప్లే స్టోర్‌లో చందాల జాబితా చూడండి. ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేలా పెట్టుకోండి.
✅ గూళ్ల డబ్బు పడే ఖాతా ఒకటి, రోజూ ఫోన్‌తో చెల్లించే ఖాతా ఒకటి, వేరుగా ఉంచుకోగలిగితే మంచిది. యూపీఐకి కలిపిన ఖాతాలో అవసరమైనంతే ఉంచితే కోత పడినా చిన్నదే.
✅ పోయిన పంట నుంచి ఈ పంట దాకా స్టేట్‌మెంట్ తీసి, ప్రతి కోత పక్కన అది ఏమిటో రాయండి. రాయలేనిది ఉంటే ఆ రోజే అడగండి.
✅ పెద్ద మేత రోజుల్లో మెసేజ్‌లు ఎవరు చూడాలో ఇంట్లో ముందే అనుకోండి.

గుర్తుంచుకోవాల్సిన నంబర్లు: మోసం జరిగితే 1930. కంపెనీ మీద ఫిర్యాదుకు 1915. బ్యాంకు మీద ఫిర్యాదు ఎలా పెట్టాలో తెలుసుకోవడానికి 14448. ఫోన్ బ్యాలెన్స్ కోతకు 155223.

ఈ మెసేజ్‌ను ఫోన్‌లో స్టార్ చేసి పెట్టుకోండి. పక్క షెడ్డు వాళ్లకు చదవడం రాకపోతే సాయంత్రం కూర్చుని చదివి వినిపించండి, వాళ్ల ఆటోపే జాబితా కూడా వాళ్ల ఎదురుగానే తెరిపించి చూపించండి. పిన్ మాత్రం వాళ్లనే కొట్టనివ్వండి.